కోడలి అమ్మమ్మ చల్లటి పుల్లాకు చారు అడిగింది, కోడలు నొచ్చుకుంది

న్యూజెర్సీలో కొడుకు దగ్గరికి ఆరు నెలలకని వచ్చిన ఒక తల్లి రాసిన ఉత్తరం ఇది. తెనాలి వైపు మనిషి. బళ్లో పాఠాలు చెప్పి రిటైరయ్యారు. వయసు 63. ఉత్తరం పెద్దది కాబట్టి, ఆనవాలు పట్టే వివరాలు తీసేసి విషయం మాత్రం ఇక్కడ చెబుతున్నాను.

ఆమె కోడలు అమెరికా అమ్మాయి, యూదుల ఇంటి పిల్ల. అత్తగారిని ‘అమ్మా’ అనే పిలుస్తుంది. కోడలి అమ్మమ్మకు 88 ఏళ్లు. ఆవిడ తల్లి చిన్నపిల్లగా పోలండ్ నుంచి వచ్చిందట. రెండు వీధుల అవతల సొంత ఇంట్లో ఉంటారు. పగటిపూట సాయానికి ఒకామె వచ్చి వెళుతుంది. సాయంత్రం ఎండ తగ్గాక కోడలు వెళ్లి పెద్దావిడను కారులో తీసుకొచ్చి పెరట్లో కూర్చోబెడుతుంది. ‘మా ఇద్దరికీ ఒకరి భాష ఒకరికి సరిగ్గా రాదు. అయినా పక్కపక్కన కూర్చుంటే పొద్దు తెలియదు’ అని రాశారు. పెద్దావిడ పళ్లు తింటారు, కాగితపు కప్పులో టీ తాగుతారు. వండినదేదైనా పెడితే మాత్రం నవ్వి చెయ్యి అడ్డం పెడతారు. మన కారానికి భయపడుతున్నారేమో అనుకున్నారట ఈ తల్లి.

పెరట్లో ఒక మూల పుల్లటి ఆకు గుబురుగా ఉంది. కోడలే రెండేళ్ల కిందట నర్సరీ నుంచి తెచ్చి నాటిందట, తర్వాత ఎవరూ పట్టించుకోలేదు. నోట్లో వేసుకుంటే అచ్చం చుక్కకూర. ఈమె దాని చుట్టూ కలుపు తీసి, నీళ్లు పెట్టి, పక్కనే తొట్టిలో ఇండియన్ షాపులో దొరికిన చుక్కకూర విత్తనాలు కూడా చల్లారు. ఒకరోజు పప్పులోకి ఆకు కోస్తుంటే పెద్దావిడ చెయ్యి చాపి ఒక ఆకు అందుకున్నారు. కొరికి, కళ్లు మూసుకుని, ‘షావ్’ అన్నారు. తరువాత కోడలి వైపు తిరిగి ఏదో చెప్పారు. ఆ ఆకుతో చేసే చల్లటి సూప్ చిన్నప్పుడు తన తల్లి చేసేదని, గుడ్డూ మీగడా కలిపి ఇచ్చేదని, దాన్ని ఈమె చేసిపెట్టాలని అడిగారట. ఆ మాటలు తిప్పి చెప్పేటప్పుడు కోడలి గొంతు పొడిబారింది. ఆ రాత్రి భర్తతో అన్న మాట గోడ అవతలికి వినిపించింది: ‘నేను అడిగినప్పుడల్లా అమ్మమ్మ, సీసాలో దొరుకుతుందిగా, నీకెందుకా శ్రమ అనేది. అమ్మను మాత్రం అడిగింది.’ అప్పటినుంచి ఇంట్లో మర్యాదకు లోటు లేదు గానీ మాట తగ్గింది.

కొడుకేమో ‘వాళ్ల విషయాల్లో నువ్వు తలదూర్చకమ్మా’ అంటున్నాడు. ఈమెకు గుడ్డు ముట్టే అలవాటు లేదు. సూప్‌ను చల్లార్చి తాగడమేమిటో అంతుపట్టడం లేదు. భర్తకు కిందటేడు కిడ్నీలో రాయి వచ్చింది. జులై రెండో వారంలో తిరుగు ప్రయాణం. మొక్కకు పూత కాడ లేస్తోంది. ‘చేయనా, మానేయనా? చేస్తే గుడ్డు లేకుండా కుదురుతుందా? మన చుక్కకూరతో చేసి ఇస్తే ఆ పెద్దావిడను మోసం చేసినట్టవుతుందా? కోడలి మొహం చూడలేకపోతున్నాను.’ ఇదీ ఆమె ప్రశ్న.

జవాబు:

అమ్మా, మీరు ఉత్తరంలో రెండు సంగతులు ఒక్కో వాక్యంలో చెప్పి దాటేశారు. నాకు చిక్కంతా అక్కడే ఉందనిపించింది. ముందు వాటి గురించి మాట్లాడి, తర్వాత వంటలోకి వెళదాం.

మొదటిది, ఆ మొక్కను నాటింది మీ కోడలు. పెద్దగా వంట చేయని అమ్మాయి, ఉద్యోగంతో తీరికలేని అమ్మాయి, నర్సరీలో వందల రకాల మొక్కలు ఉండగా ఆ పుల్లాకునే ఎందుకు ఎంచి తెచ్చుకుందంటారు? అమెరికాలో మామూలు కూరగాయల దుకాణాల్లో ఆ ఆకు అరుదుగా కనిపిస్తుంది. కావాలనుకున్నవాళ్లే వెతికి తెచ్చి నాటుకుంటారు. అమ్మమ్మ దగ్గర ఆ సూప్ నేర్చుకోవాలనే నాటి ఉంటుందని నా ఊహ. నాటింది, అడిగింది, ‘సీసాలో దొరుకుతుందిగా’ అన్న జవాబు విన్నది. షావ్ అంటే ఆ ఆకూ, దానితో చేసే సూపూ. అక్కడ ఆ సూప్ నిజంగానే గాజు సీసాల్లో అమ్ముతారు. ఆ జవాబు తర్వాత ఆ పిల్ల మొక్క వైపు వెళ్లడమే మానేసి ఉండవచ్చు. ఇప్పుడు అదే మొక్క ఆకును మీ చేతిలో చూసి అమ్మమ్మ మిమ్మల్ని అడిగారు. ఆ అమ్మాయి బాధ మీ మీద కోపం కాదు. తనకు తెరుచుకోని తలుపు మీకు తెరుచుకుందన్న నొప్పి అది. నా ఊహ తప్పు కావచ్చు కూడా. అందుకే దీన్ని ఖాయం చేసుకోకుండా నేరుగా ఆమెనే అడగండి.

పెద్దావిడ మనవరాలిని కాదని మిమ్మల్ని ఎందుకు అడిగారు? మనవరాలి మీద ప్రేమ తక్కువై కాదు. పొద్దున్నే పనికి పోయి, సాయంత్రం వచ్చి తనను కారులో తిప్పే పిల్లను ఇంకో పని అడగడానికి ముసలివాళ్లకు నోరు రాదు. మన ఇళ్లలోనూ అంతే కదా. కూతురు ‘ఏం తింటావమ్మా’ అంటే ‘ఏదైనా ఫర్వాలేదు’ అని, పక్కింటావిడతో ‘నోటికి కాస్త గోంగూర తినాలనుంది’ అంటారు. పైగా ఆకు మీ చేతిలో ఉంది. దాన్ని మీరు కోసే తీరు చూస్తే ఎవరికైనా తెలుస్తుంది, దాని గుణం ఎరిగిన చేయి అని.

రెండో సంగతి, ఆవిడ మీ ఇంట్లో పళ్లు తింటారు, కాగితపు కప్పులో టీ తాగుతారు, వండినది ముట్టరు. ఇది కారం భయం కాకపోవచ్చు. యూదుల్లో కోషర్ నియమం పాటించేవాళ్లు ఉంటారు. మాంసాన్నీ పాల పదార్థాలనూ కలిపి తినరు. రెండింటికీ గిన్నెలు, చెంచాలు వేరువేరుగా పెట్టుకుంటారు. ఆ ఏర్పాటు లేని వంటింట్లో వండినది గట్టిగా పాటించేవాళ్లు తినరు. మీ కోడలు పాటించకపోవచ్చు, ఆమె అమ్మమ్మ పాటిస్తూ ఉండవచ్చు. మడి చూసిన ఇంట్లో పెరిగి ఉంటే మీకిది విడమరచి చెప్పక్కర్లేదు. మడి కట్టుకున్న అమ్మమ్మ ఎంత ఇష్టమైనవాళ్లింటికి వెళ్లినా పండు తిని, మంచినీళ్లు తాగి వచ్చేసేది కదా. అది మనుషులను దూరం పెట్టడం కాదు.

ఇది నిజమైతే, మీరు కొడుకు వంటింట్లో ఎంత శ్రద్ధగా సూప్ చేసి గిన్నెలో పట్టుకెళ్లినా ఆవిడ తినలేరు. తినలేనని మీకు చెప్పనూ లేరు. ఆ ఇబ్బందిలోకి ఆమెను నెట్టకూడదు. అందుకే మిగతావన్నీ ఆలోచించే ముందు ఈ ఒక్కటీ కోడలిని అడిగి తెలుసుకోండి.

ఇప్పుడు మీ ముందున్న దారులు చూద్దాం.

మీ అబ్బాయి చెప్పినట్టు ఊరుకోవచ్చు. అతను చెడ్డ మాటేమీ చెప్పలేదు, ఇద్దరి మధ్య మీరు నలిగిపోకూడదని అన్నాడు. కానీ ఊరుకుంటే పెద్దావిడ అడిగిన మాట గాలిలో ఉండిపోతుంది. రోజూ సాయంత్రం ఆమె పక్కన కూర్చునేది మీరు. 88 ఏళ్ల మనిషి నోరు తెరిచి అడిగిన కోరిక, వచ్చే ఏడు చూద్దామనుకునేది కాదు. కోడలి నొప్పి కూడా దానంతటది తగ్గదు. మాట్లాడని మాట ఇంట్లో గడ్డకడుతుంది.

మీరే చడీచప్పుడు లేకుండా చేసి, ఒక సాయంత్రం అందరినీ ఆశ్చర్యపరచవచ్చు. మీరు ఈ వైపు మొగ్గుతున్నట్టు మీ రాతలో కనిపించింది. వంటకం బాగా కుదిరితే పెద్దావిడ మిమ్మల్ని మెచ్చుకుంటారు, ఆ మెచ్చుకోలు కోడలి కళ్లముందే జరుగుతుంది. ఆ అమ్మాయి చప్పట్లు కొట్టి, లోపల ఇంకాస్త ముడుచుకుపోతుంది. ఈ దారి వద్దని గట్టిగా అంటున్నాను.

ఆకు కోసి కోడలి చేతిలో పెట్టి ‘ఇది నీదమ్మా, నువ్వు చెయ్యి’ అని తప్పుకోవచ్చు. గౌరవమైన పని. కాకపోతే ఆ అమ్మాయికి చేయడం రాకపోతే, నేర్పేవాళ్లు నేర్పకపోతే, అది బరువు అప్పగించినట్టే అవుతుంది. ‘అమ్మకు ఇష్టం లేక తప్పుకుంది’ అనుకునే వీలు కూడా ఉంది.

నాలుగోది నాకు నచ్చిన దారి. వంట పెద్దావిడ ఇంట్లో, ఆమె వంటింట్లో, ఆమె గిన్నెలతో జరగాలి. ఆవిడ కుర్చీలో కూర్చుని చెప్పాలి. పొయ్యి దగ్గర కోడలు ఉండాలి. ఆకు కోసి, ఈనె తీసి, కడిగే పని మీది. గట్టిగా ఆచారం పాటించేవాళ్లు కొందరు పొయ్యి వెలిగించడమైనా తమవాళ్ల చేత్తోనే జరగాలనుకుంటారు. కోడలు పొయ్యి దగ్గర ఉంటే ఆ పట్టింపూ తీరుతుంది. ఈ దారికీ ఇబ్బందులున్నాయి. వాళ్లిద్దరూ ఇంగ్లీషులో, మధ్యమధ్య పాత మాటల్లో మాట్లాడుకుంటూ ఉంటే మీరు ఒక పక్కన ఉండిపోతారు. అమ్మమ్మ ‘అలా కాదు’ అంటే మనవరాలు చిన్నబుచ్చుకోవచ్చు. సగం పనిలో పెద్దావిడ అలసిపోవచ్చు. ఆ పూట మీరు చుట్టమై కూర్చోవడానికి సిద్ధపడితేనే ఇది సాగుతుంది.

కోడలితో మాట ఎలా ఎత్తాలని మీకు అనిపించవచ్చు. క్షమాపణతో మొదలుపెట్టకండి, మీరు తప్పేమీ చేయలేదు. క్షమాపణ చెబితే ఆ పిల్ల వెంటనే ‘అయ్యో, ఏం లేదమ్మా’ అనేస్తుంది, మాట అక్కడితో ఆగిపోతుంది. మొక్క దగ్గరికి పిలిచి, ‘దీన్ని నువ్వు ఎందుకు నాటావు?’ అని అడగండి. అడిగి, చెప్పేదాకా ఆగండి. తర్వాత ‘నాకు ఆకు సంగతి తెలుసు, ఆ సూప్ సంగతి తెలియదు. మీ అమ్మమ్మకు సూప్ తెలుసు. నువ్వు మధ్యలో ఉండకపోతే మా ఇద్దరివల్లా కాదు’ అనండి. ఇందులో పొగడ్త లేదు, ఉన్న మాటే ఉంది. ఒకవేళ ‘మీరే చేయండి, నాకు వద్దు’ అంటే బలవంతపెట్టకండి. ఆవిడ వంటింట్లో, ఆవిడ దగ్గరుండి చెబుతుంటే మీరే చేయండి, ఎలా చేశారో రాసి ఆ కాగితం కోడలికి ఇవ్వండి. అది ఎప్పటికైనా తీసి చూసుకుంటుంది.

ఇక వంటకం. మీరు దీన్ని చల్లారిన పులుసులా ఊహించుకుని వెనకాడుతున్నారు. పోలండ్, లిథువేనియా, ఉక్రెయిన్ ప్రాంతాల్లో చలికాలమంతా నేల గడ్డకట్టి ఉంటుంది. మంచు కరిగాక పైకి లేచే తొలి ఆకుల్లో ఇదొకటి. ఆరునెలలు దుంపలూ ఊరబెట్టిన క్యాబేజీ తిన్న నోటికి ఆ పులుపు ప్రాణం లేచొచ్చినట్టు ఉండేది. ఆ నేల మీద అన్ని వర్గాలవాళ్లూ దీన్ని వేడి సూప్‌గా, బంగాళదుంప ముక్కలు, ఉడికిన గుడ్డు వేసుకుని తింటారు. ఎండలు ముదిరాక బాగా చల్లబరిచి పుల్లటి మీగడతో తాగడం యూదుల ఇళ్లలో పాతుకుపోయిన అలవాటు. 1880ల నుంచి, 1924లో అమెరికా వలసలకు గేట్లు బిగించే చట్టం తెచ్చేదాకా, ఆ ప్రాంతాల యూదులు లక్షల్లో ఓడలెక్కారు. పెద్దావిడ తల్లి పోలండ్ నుంచి చిన్నపిల్లగా వచ్చిందని మీరే రాశారు కదా, ఆ అలలోనే వచ్చి ఉంటుంది. వాళ్లకు షావుఓత్ అనే పండుగ మే, జూన్ నెలల్లో వస్తుంది. ఆ పండుగకు పాలతో చేసినవి తినడం ఆనవాయితీ, ఈ ఆకు లేతగా ఉండేదీ అప్పుడే. ఈ రోజుల్లోనే ఆవిడకు ఇది గుర్తుకు రావడంలో ఆశ్చర్యం లేదు.

ఆకు సంగతి మీరు నాలుకతోనే సరిగ్గా పట్టారు. వాళ్ల పుల్లాకూ మన చుక్కకూరా ఒకే ప్రజాతి మొక్కలు. రెండూ రూమెక్స్‌లే. వాళ్లది రూమెక్స్ అసిటోసా, ఏళ్ల తరబడి అదే దుంపనుంచి చిగురిస్తుంది. మనది రూమెక్స్ వెసికేరియస్, ఒక కాపుతో అయిపోతుంది. కాబట్టి చుక్కకూరతో చేస్తే మోసమేమీ కాదు. ఆకు చాలకపోతే నిస్సంకోచంగా కలపండి, కలిపామని చెప్పండి. ముఖ్యమైన వాటా మాత్రం కోడలు నాటిన మొక్కది కావాలి, కారణం మీకు తెలుసు. గోంగూర మాత్రం వద్దు. అది బెండ, పత్తి కుటుంబం. పులుపు సరిపోయినా వీటిలా కరిగి వెన్నలా కాదు, రుచీ వేరే దారిన పోతుంది. పూత కాడ కనిపించగానే మొదలంటా కోసేయండి. కాడ పెరిగేకొద్దీ ఆకు మొరటై చేదెక్కుతుంది. కాడలు తీసేసి ఆకు కోస్తే కొన్ని వారాల్లో మళ్లీ లేత ఆకు వస్తుంది. అంటే మీ ప్రయాణంలోపు ఇంకో కోత దొరుకుతుంది. మొదటిసారి కుదరకపోయినా కంగారు లేదు.

అరకిలో ఆకు చూడ్డానికి గంపెడు ఉంటుంది, ఉడికితే గుప్పెడవుతుంది. నలుగురైదుగురికి అది చాలు. ఆకులు ఒక్కొక్కటి విప్పి, నీళ్లు మార్చి మార్చి కడగండి. కోషర్ ఇంట్లో ఆకుకూరను పురుగు లేదని వెలుతురులో పట్టి చూస్తారు. ఆ పని మీ చేతికి అలవాటైనదే. పెద్ద ఆకుల నడిమి ఈనె లాగేయండి, అది పీచుగా తగులుతుంది. ఇనప మూకుడు, సత్తు గిన్నె వద్దు. పులుపు లోహాన్ని తిని సూప్‌కు ఇనుము వాసన పడుతుంది, రంగు నల్లబడుతుంది. స్టీలు గిన్నె మంచిది.

ఒకటిన్నర లీటరు నీళ్లలో సన్నగా తరిగిన ఉల్లిపాయ ఒకటి, రెండు బంగాళదుంపల ముక్కలు వేసి మెత్తగా ఉడకనివ్వండి. దుంప పూర్తిగా ఉడికాకే ఆకు వేయాలి. పప్పు మెదగకముందే చింతపండు పోస్తే పప్పు గట్టిపడి ఎంతకీ ఉడకదని మీకు తెలుసు కదా, ఇక్కడా అదే సూత్రం. ఆకు సన్నగా తరిగి వేయగానే చూస్తుండగానే రంగు మారుతుంది. చిలకపచ్చదనం పోయి, ఉసిరికాయ పచ్చడి రంగుకు దిగుతుంది. క్లోరోఫిల్ అణువు నడుమ ఉండే మెగ్నీషియం పులుపుకూ వేడికీ ఊడిపోవడం వల్ల అలా అవుతుంది. దాన్ని ఆపాలని సోడా ఉప్పు వేయకండి, పులుపంతా చచ్చిపోతుంది. పెద్దావిడకు గుర్తున్న రంగు కూడా ఆ మట్టి పచ్చే. ఐదు నిమిషాలు, మహా అయితే పది నిమిషాలు, అంతకుమించి ఉడకనక్కర్లేదు. ఉప్పు, ఒక చెంచా పంచదార, పులుపు తగ్గితే కాస్త నిమ్మరసం. పంచదార చూసి ముఖం చిట్లించకండి, అది పులుపును నిలబెట్టడానికే. ఎంత వేయాలన్నది ఆవిడను అడగండి. కొందరికి తీపి తగలాలి, కొందరికి తగలకూడదు. ఆవిడ తల్లి చేసినదానికి దగ్గరగా తెచ్చే కిటుకు బహుశా అక్కడే దొరుకుతుంది.

పోపు వద్దు. పసుపు, పచ్చిమిర్చి, ఇంగువ ఏవీ వద్దు. కోడి ఉడికించిన నీళ్లు వాడమని కొన్ని వంటల పుస్తకాల్లో కనిపిస్తుంది. ఆ ఇంట్లో మీగడ కలిపే సూప్‌కు అది అసలు పనికిరాదు.

గుడ్డు దగ్గరికి వద్దాం. మీ నియమం మీరు వదులుకోవక్కర్లేదు. గుడ్డు పని పూర్తిగా కోడలిది. గుడ్డు కలపకముందే మీకు కావలసినన్ని గరిటెలు వేరే గిన్నెలోకి తీసుకోండి. దుంప చిక్కదనం ఇస్తుంది కాబట్టి మీ వాటా కూడా నీళ్లలా ఉండదు. ఆ వంటింటి గిన్నెల్లో గుడ్డు వండి ఉంటారు గనుక అదీ వద్దనుకుంటే, ఇంటికొచ్చి మీ వాటా మీరు విడిగా చేసుకోండి. ఎవరూ తప్పుపట్టరు. నియమం ఉన్న మనిషికి నియమం ఉన్న మనిషి త్వరగా అర్థమవుతుంది.

కోడలు చేయాల్సిందేమిటంటే, రెండు గుడ్లను ఒక్కొక్కటిగా గాజు గిన్నెలో పగలగొట్టి చూడాలి. నెత్తురు చుక్క ఉంటే ఆ గుడ్డు పారేస్తారు. వాటిని బాగా గిలకొట్టి, పొయ్యి మీదినుంచి దించిన సూప్‌ను ఒక గరిటెడు సన్నని ధారగా పోస్తూ ఆపకుండా కలపాలి. ఇంకో రెండు గరిటెలు అలాగే. గుడ్డు వేడెక్కాక ఆ మొత్తాన్ని గిన్నెలోకి వంపి, చాలా సన్నని సెగ మీద గరిటె వెనక పూతలా అంటేదాకా తిప్పాలి. మరిగితే విరుగుతుంది, పులుపు ఉంది కాబట్టి ఇంకా త్వరగా విరుగుతుంది. ఇక్కడ ఒక జాగ్రత్త తప్పనిసరి. 65 దాటినవాళ్లకు పచ్చి గుడ్డులో ఉండగల సాల్మొనెల్లా అనే బ్యాక్టీరియాతో ప్రమాదం ఎక్కువ, ఆవిడకు 88. వంటింటి థర్మామీటర్ పెట్టి 71 డిగ్రీల సెల్సియస్ దాటిందని చూసుకోవాలి. అమెరికా దుకాణాల్లో పాశ్చరైజ్ చేసిన గుడ్లూ దొరుకుతాయి, అవి వాడినా మంచిదే. ఈ తంటా అంతా వద్దనుకుంటే సూప్‌లో గుడ్డు మానేసి, గట్టిగా ఉడికించిన గుడ్డు తరిగి పైన చల్లుకోవచ్చు. అలా తినేవాళ్లూ చాలామందే. కానీ పెద్దావిడ ‘గుడ్డూ మీగడా కలిపి’ అన్నారు, ఏది కావాలో ఆవిడనే చెప్పనివ్వండి.

తర్వాత చల్లబరచడం. వెడల్పాటి గిన్నెలోకి మార్చి, అడుగున చన్నీళ్లు పెట్టి, వంట దించిన రెండు గంటల్లోపు ఫ్రిజ్‌లో పెట్టేయాలి. రాత్రంతా ఉంటే మరీ మంచిది. చల్లబడ్డాక ఉప్పు చప్పబడినట్టు అనిపిస్తుంది. అందుకే రుచి చూడాల్సింది వేడి మీద కాదు, మర్నాడు. పుల్లటి మీగడ మొత్తం గిన్నెలో కలపకండి, ఎవరి కప్పులో వాళ్లకు కలపండి. అప్పుడు మిగిలినది మూడు రోజులు బాగుంటుంది. అక్కడ సవర్ క్రీమ్ అని అమ్ముతారు, ఆ ఇంట్లోకి కోషర్ గుర్తు ఉన్నది కోడలే చూసి తెస్తుంది. మీ వాటాలోకి మన గట్టి పెరుగు చిలికి వేసుకోండి. మీదికి తరిగిన కీరా, ఉల్లికాడలు, ముల్లంగి. పక్కన వేడివేడి ఉడికించిన బంగాళదుంప పెట్టుకుని, చల్లటిది ఒక చెంచా, వేడిది ఒక ముక్క తింటారు. మజ్జిగపులుసు అన్నంలో కాకుండా కప్పులో తాగగలిగిన నోరైతే ఇది రెండో చెంచాకే నచ్చుతుంది.

రోజు ఎంచుకునేటప్పుడు శుక్రవారం సాయంత్రం నుంచి శనివారం చీకటి పడేదాకా వద్దు. అది వాళ్ల విశ్రాంతి దినం, పాటించేవాళ్లు పొయ్యి ముట్టరు. గురువారం గానీ శుక్రవారం ఉదయం గానీ చేసి ఫ్రిజ్‌లో పెడితే, వండకూడని శనివారానికి సిద్ధంగా ఉంటుంది. చల్లటి వంటకానికి ఆ ఇళ్లలో అంత చోటు ఉండటానికి అదీ ఒక కారణం.

మీవారి మాట. చుక్కకూర, ఈ పుల్లాకు, రెండింట్లోనూ ఆక్సాలిక్ ఆమ్లం ఎక్కువ. కిడ్నీ రాళ్లలో ఎక్కువభాగం కాల్షియం ఆక్సలేట్ రాళ్లే. ఆకు ఉడికించి నీళ్లు వార్చేస్తే కొంత తగ్గుతుంది గానీ, సూప్‌లో ఆ నీళ్లే తాగుతాం. పెరుగు, మీగడల్లోని కాల్షియం ఆక్సలేట్‌ను పొట్టలోనే కొంత పట్టేస్తుంది, అలాగని దాన్ని మందుగా లెక్కపెట్టుకోకూడదు. ఆయనకు వచ్చిన రాయి ఏ రకమో రిపోర్టులో చూసి, డాక్టరును అడిగేదాకా ఈ సూప్‌ ఆయనకు వద్దు, చుక్కకూర పప్పు కూడా వద్దు. అలాగే పెద్దావిడ కిడ్నీలు ఎలా ఉన్నాయో, రక్తం పల్చబడే మందులేమైనా వాడుతున్నారో కోడలిని అడగండి. వార్ఫరిన్ వాడేవాళ్లు ఆకుకూరలు ఒక్కసారిగా పెంచకూడదు. ఏదైనా ఉంటే వాళ్ల డాక్టరుకు ఒక ఫోను చేసి, ఎంత తినవచ్చో తెలుసుకున్నాకే వంట పెట్టుకోండి.

మీ అబ్బాయికి కూడా ఒక పని ఇవ్వండి. ఆ పూట వంటింట్లోకి రాకుండా, వాళ్లిద్దరి మాటలు మీకు అర్థంకానప్పుడు ఫోనులో పలికితే చాలు. అమ్మ తలదూర్చిందో, తల ఒగ్గిందో అతనే చూస్తాడు. పెద్దావిడ చెప్పేవి కోడలు ఫోనులో రికార్డు చేసుకుంటానంటే మంచిదే, ముందుగా ఆవిడను అడిగి చేయమనండి. కొలతలు చెంచాల్లో రావు, ‘ఇంత’ అని చేత్తో చూపిస్తారు. ఆ ‘ఇంత’ను కొలిచి రాసుకోవడానికి బడిలో పనిచేసిన మీకంటే తగినవాళ్లు ఆ గదిలో ఎవరూ ఉండరు. మొదటి కోత ఈ వారమే చేసేయండి, పూత కాడ ముదరకముందే.